స్తంభం మీద మూడక్షరాలు

రెండో ప్రపంచయుద్ధం ముగిసిన ఏడాది క్రిస్మస్ సెలవుల్లో మేం నలుగురం నాగార్జునకొండ చూడ్డానికి వెళ్ళాం. అప్పుడు నాకు ఇరవై మూడేళ్ళు. నరసరావుపేటలో ఆడపిల్లల బళ్ళో మూడో తరగతికి పాఠాలు చెప్పేదాన్ని. అంతకుముందు నేను చూసిన పాత కట్టడం అంటే కోటప్పకొండ మీది గుడి ఒక్కటే. అక్కడికి కూడా మొక్కు తీర్చుకోడానికి వెళ్ళడమే గాని, ఈ రాయి ఎవరు ఎత్తారు, ఎప్పుడు ఎత్తారు అని ఆలోచించి ఎరగను.

వెళ్దామన్నది మా పెద్ద టీచరమ్మగారి తమ్ముడు. హైస్కూల్లో చరిత్ర పాఠాలు చెప్పే మాష్టారు. సన్నగా, పొడుగ్గా, ఎప్పుడూ ఏదో లెక్క తేలనట్టు నుదురు ముడేసుకుని ఉండేవారు. రెండేళ్ళుగా ఆయన పాత లిపి నేర్చుకుంటున్నారు. గుంటూరు నుంచి తెప్పించుకున్న ఒక అక్షరాల పట్టీని అట్టకు అంటించుకుని, సాయంత్రాలు అరుగు మీద కూర్చుని పిల్లల్లా దిద్దేవారు. ఆ అక్షరాలను నిజం రాతి మీద తన కళ్ళతో చదవాలని ఆయన కోరిక. ఒంటరిగా పంపడం ఇష్టంలేక టీచరమ్మగారు తానూ బయల్దేరారు. నన్ను తోడు రమ్మన్నారు. నాలుగోవాడు మా బడి రిజిస్టర్లకు అట్టలు కట్టే సాయిబుగారు. రాతి మీద కాయితం వేసి అక్షరాల అచ్చు తియ్యడం ఎలాగో మాష్టారు ఎక్కడో చదివి ఆయనకు చెబితే, ఆయన ఇంటి గోడకున్న నాపరాయి మీద పదిసార్లు చేసి చూసి, "తీస్తా పంతులుగారూ, నన్ను తీసకపోండి" అన్నారట.

మా అమ్మ ఒప్పుకోవడమే కష్టమైంది.

"ఏందే, రాళ్ళు చూడ్డానికి మాచర్ల అవతలికి పోవాలా? మన పల్నాట్లో రాళ్ళకు కరువొచ్చిందా?"

"పెద్ద టీచరమ్మగారు వస్తున్నారమ్మా."

ఆవిడ పేరు చెబితే మా ఇంట్లో ఎవరూ ఎదురు మాట్లాడరు. అమ్మ గొణుక్కుంటూనే పులిహోర కలిపి, చేగోడీలు వేయించి మూట కట్టింది.

మాచర్ల దాకా రైలు, అక్కడినుంచి ఎడ్లబండి. మొదటిరోజు రాత్రికి కొండల ఇవతల ఒక పల్లెలో ఆగి, మర్నాడు పొద్దున్నే కనుమ ఎక్కాం. బండి కుదుపులకు నడుములు విరిగిపోతుంటే దిగి నడిచాం. దారికి రెండు పక్కలా చిల్లచెట్లు, ఎర్రమట్టి, అడుగు తీసి అడుగేస్తే కాలికింద జారే రాళ్ళు. కనుమ కొస ఎక్కేసరికి బండితను "అదిగోండి" అని ఊరుకున్నాడు.

కింద లోయ. మూడు వైపులా కొండలు చేతులు పట్టుకుని నిలబడ్డట్టు ఉన్నాయి. నాలుగో వైపు కృష్ణ, పొద్దుటి ఎండకు పళ్ళెంలా మెరుస్తోంది. ఏటికి అవతల నైజాం. లోయ నిండా జొన్నచేలు, మధ్యమధ్య దిబ్బలు, ఆ దిబ్బల మీద అక్కడక్కడా తెల్లగా నిలబడ్డ రాళ్ళు. ఇప్పుడు ఆ లోయంతా సాగర్ నీళ్ళ కింద ఉంది. నేను చూసినప్పుడు అక్కడ జొన్న కంకులు వేస్తోంది, ఎవరో పిట్టలను అదిలిస్తున్న కేక పైదాకా వినిపిస్తోంది.

"ఇది రాజధాని," అన్నారు మాష్టారు. "పదహారు వందల ఏళ్ళ కిందట, అంతకంటే ముందే, ఇదంతా పట్నం."

నాకు నమ్మబుద్ధి కాలేదు. అక్కడ ఇళ్ళు లేవు, వీధులు లేవు. ఎంత చూసినా జొన్నచేలే.

కిందికి దిగాక కాపలాదారు గుడిసె దగ్గరికి వెళ్ళాం. వచ్చినవాళ్ళకు అన్నీ చూపించేది అతనే అని మాచర్లలో చెప్పారు. అతను నులకమంచం మీద రెండు దుప్పట్లు కప్పుకుని వణుకుతున్నాడు. ఆ లోయలో చలిజ్వరం మామూలట. టీచరమ్మగారు సంచిలోంచి క్వినైన్ బిళ్ళలు తీసి ఇచ్చారు. అతని భార్య వాటిని కొంగున ముడేసుకుని, గూట్లోంచి తాళంచెవి తీసుకుంది.

"పదండి, నేను చూపిస్తా."

అరవై ఏళ్ళుంటాయేమో. నల్లగా, గట్టిగా, పొట్టిగా ఉంది. రవిక లేదు. చీర మోకాళ్ళ దాకా ఎగ్గట్టి ఉంది. వడ్డెరామె. చేతివేళ్ళు రాళ్ళు మోసి మోసి వంకర్లు పోయాయి.

మాష్టారి మొహం చిన్నబోయింది. "ఇంత దూరం వచ్చి... ఈమెకేం తెలుస్తుంది అక్కయ్యా? నా దగ్గర నోటుబుక్కు ఉంది, నేనే చూపిస్తాను," అని ముందుకు నడిచారు. ఆమె వెనక నడిచింది.

కొంచెం దూరం పోయాక ఒక పెద్ద దిబ్బ వచ్చింది. మాష్టారు చెప్పులు విడిచి దాని మీదికెక్కారు. నోటుబుక్కు చూసుకుని, చేతులు జోడించి, "ఇది స్తూపం. దీని గర్భంలో..." అని మొదలుపెట్టారు. మేం ముగ్గురం కూడా చెప్పులు విడిచాం.

"అయ్యా," అంది ఆమె కిందినుంచి. "అది మేం పోసిన మన్ను."

"ఏమిటి?"

"ఆ తెల్లదొర తవ్వించేటప్పుడు తీసిన మట్టి ఏడ పొయ్యాల? ఆడ పోశాం. ఆ దిబ్బలో సగం నా నెత్తిమీద తట్టలతో మోసిందే. మీరు చూడాల్సింది ఇటుంది."

సాయిబుగారు మొహం తిప్పేసుకున్నారు. టీచరమ్మగారు మాత్రం పైకే నవ్వేశారు. మాష్టారు దిగి, చెప్పులు తొడుక్కుని, నోటుబుక్కు చంకలో పెట్టుకుని, "పద అవ్వా, నువ్వే చూపించు," అన్నారు. ఆయన మంచితనం అక్కడే తెలిసింది నాకు. ఆ తరవాత రోజంతా ఆయన ఆమె వెనకే నడిచారు.

ఆమె చూపించిన తీరు నేను ఏ పుస్తకంలోనూ చదవలేదు. ఇది ఫలానా రాజు కాలం, ఇది ఫలానా మతం అని చెప్పదు. "ఇక్కడ మోకాలిలోతు తవ్వంగానే గచ్చు తగిలింది." "ఈ మూల గడ్డపార వేస్తే గంట కొట్టినట్టు మోగింది, ఆపండాపండి అని దొర పరిగెత్తుకొచ్చాడు." "ఇక్కడ నల్లమట్టి. కాలిపోయిన మట్టి. ఏదో తగలబడిందమ్మా ఇక్కడ." అలా చెప్పుకుంటూ చేలగట్ల మీద నడిపిస్తుంటే, కొంచెంకొంచెంగా నాకు ఊరు కనబడ్డం మొదలైంది. ఇది గోడ. ఇది గుమ్మం. ఇది గుమ్మంలోంచి నీళ్ళు బయటికి పోయే తూము. తూములో వేలు పెట్టి చూశాను. అడుగు నున్నగా అరిగి ఉంది. ఎన్నేళ్ళు ఎంతమంది వాడిన నీళ్ళు పోతే రాయి అలా అరుగుతుంది!

సన్నాసుల మఠం అని చెప్పి ఒక చోటికి తీసుకుపోయింది. నలుచదరపు వాకిలి చుట్టూ వరసగా చిన్నచిన్న గదుల పునాదులు. ఒక్కో గదికి ఒక్కరు ఉండేవాళ్ళట. నేను ఒక గదిలోకి దిగి నిలబడ్డాను. చేతులు చాపితే రెండు గోడలూ అందేట్టున్నాయి.

"అమ్మాయ్, ఇటు రా," అని పిలిచి ఆమె ఒక ఇటుక చూపించింది. మూరెడు పొడుగుంది. దాని మీద మూడు వేళ్ళు ఈడ్చిన గుర్తు. పచ్చి ఇటుకను అచ్చులోంచి తీసినప్పుడు ఎవరో అలా వేళ్ళతో గీశారు. ఆమె తన మూడు వేళ్ళూ ఆ గీతల్లో పెట్టింది. సరిగ్గా పట్టాయి.

"నీయీ పెట్టు."

పెట్టాను. నా వేళ్ళకు ఆ గాళ్ళు వెడల్పు. "పనిచేసే చెయ్యి అది," అంది ఆమె. నన్ను తక్కువ చెయ్యడానికి కాదు, ఉన్నమాట చెప్పింది. ఇటుక ఎండకు వెచ్చగా ఉంది. రాజులు, యుద్ధాలు, శాసనాలు అని నేను పిల్లలకు వల్లె వేయించే చరిత్రలో ఒక మనిషి చెయ్యి ఉంటుందని అంతకుముందు తోచలేదు.

తాళం తీసి శిల్పాలు పెట్టిన కొట్టులోకి తీసుకెళ్ళింది. లోపల గోడలకు ఆనించి పలకలు. వాటి నిండా మనుషులు, గుర్రాలు, ఏనుగులు, చెట్లు, మేడలు, కిటికీల్లోంచి తొంగిచూసే ఆడవాళ్ళు. సాయిబుగారు గుమ్మంలోనే ఆగిపోయారు. తరవాత మెల్లగా వచ్చి ఒక పలక ముందు గొంతుకూర్చున్నారు. అరచేయంత చోటులో పదకొండుమంది మనుషులున్నారు. ప్రతివాడికీ చెవిపోగులున్నాయి. ఒక స్త్రీ మెడలో హారం పూసలు లెక్కపెట్టొచ్చు.

"యా అల్లా," అన్నారాయన. "ఏం ఉలి పట్టాడు తల్లీ! నేను ముప్పయ్యేళ్ళుగా అట్టలు కోస్తున్నా. చేతికి తెలుసు, ఎక్కడ ఆపాలో తెలియడమే పని. వీడికి ఎక్కడా చెయ్యి తడబళ్ళా."

"ఏ రాయో తెలుసా ఇది?" అడిగింది అవ్వ. "మాచర్ల రాయే. మీ ఇళ్ళల్లో కింద పరుచుకోలా? అదే."

నేను కాళ్ళు కడుక్కునే రాయి అది. మా అమ్మ పచ్చడి బండ అది. ఆ రాతిలో ఇన్ని ఉన్నాయా అని చూస్తూ ఉండిపోయాను. ఆకలి గుర్తురాలేదు.

కొట్టు బయట నీడలో పులిహోర తిన్నాం. టీచరమ్మగారు అవ్వకు కూడా ఆకులో పెట్టి ఇస్తే, ఆమె సగం తిని మిగతాది మొగుడికని మూట కట్టుకుంది. ఆ తరవాత తీసుకెళ్ళింది మహాచైత్యానికి, అంటే అసలైన పెద్ద స్తూపానికి.

అది ఒక పెద్ద గుండ్రం. పైన ఉన్న గుమ్మటం ఎప్పుడో పోయింది. తవ్వాక అడుగున మిగిలింది ఇటుకల చక్రం. నడుమ కుండ, దాన్నుంచి చుట్టూ ఆకుల్లా అడ్డగోడలు, అంచున పట్టా. బండిచక్రం ఎలా ఉంటుందో అలాగే, కాకపోతే ఊళ్ళో ఒక పేట పట్టేంత. గట్టు మీద నిలబడి చూస్తే అంతా ఒక్కసారి కంటికి ఆనింది. ఎక్కడో జొన్నచేలో పిట్టల కేక తప్ప చప్పుడు లేదు. నేలలో అంత చక్రాన్ని పాతి, పైన మట్టి కప్పి, గుమ్మటం కట్టేశారు. బయటికి ఎవరికీ కనబడదని తెలిసి కూడా అంత పొందిగ్గా కట్టారు.

దాని పక్కన ఒక స్తంభం నిలబడి ఉంది. మాష్టారు అక్షరాల పట్టీ బయటికి తీశారు.

స్తంభం మీద బారులుబారులుగా రాత. అక్షరాల కొమ్ములు పైకి సాగి, తోకలు కిందికి సాగి, తీగలు అల్లుకున్నట్టుంది. మాష్టారు ఒక్కో అక్షరాన్నీ వేలితో తడుముతూ, పట్టీతో పోల్చుకుంటూ, పెదాలు కదుపుతున్నారు. చెమటలు కారుతున్నాయి. సాయిబుగారు కాయితం తడిపి రాతికి అతికించి, కుంచెతో మెల్లగా కొట్టడం మొదలుపెట్టారు. కాయితం అక్షరాల గుంటల్లోకి దిగాక పైన మసి అద్దారు. నల్లటి కాయితం మీద అక్షరాలు తెల్లగా తేలాయి. రాతి మీద సగం కనబడనివి కూడా కాయితం మీద కనబడ్డాయి.

అవ్వ నడుం మీద చేతులు పెట్టుకుని చూస్తోంది. "ఈ స్తంభం పడిపోయి ఉండింది. మేమే లేపాం," అంది. "దొరలు వచ్చి చదివేవాళ్ళు, తలకాయ ఊపేవాళ్ళు, రాసుకునేవాళ్ళు. ఏముందో మాకు చెప్పలా."

"నువ్వేం అనుకున్నావు అవ్వా?" అడిగాను.

"రాజు పేరు. ఇంకేం ఉంటది?"

అప్పుడే మాష్టారు కేక వేశారు. "అక్కయ్యా! ఇక్కడ చూడు. ఇది భ. ఇది, ఈ గుర్రపు నాడాలా ఉన్నది గ, పైన గుడి ఉంది, గి. ఇది ని. భగిని!"

ఆయన మళ్ళీ వెనక్కి వెళ్ళి ముందున్న మాటలు కూడబలుక్కున్నారు. పావుగంట పట్టింది. చివరికి ఇటు తిరిగారు.

"ఇది రాజు ఎత్తించింది కాదు. రాజుగారి సోదరి ఎత్తించింది. ఈ లోకంలోనూ పై లోకంలోనూ అందరికీ మంచి జరగాలని ఎత్తించిందట."

"ఎవురూ?" అంది అవ్వ.

"రాజుగారి తోబుట్టువు. ఒక ఆవిడ."

"ఆడమనిషా?"

"అవును అవ్వా. ఆడమనిషే."

ఆమె స్తంభం దగ్గరికి వెళ్ళి దానికి అరచెయ్యి ఆనించింది. భుజాలు కదులుతుంటే ఏడుస్తోందేమో అనుకున్నా. నవ్వుతోంది. నవ్వీ నవ్వీ కళ్ళ నీళ్ళు వచ్చి, చతికిలబడింది.

"ఏందవ్వా?" అని టీచరమ్మగారు పక్కన కూర్చున్నారు.

"ఈ రాయి లేపేరోజు, అమ్మా, మోకులు కట్టి పాతికమంది మగోళ్ళు లాగుతున్నారు. సగం లేచి ఆగిపోయింది. వెనక్కి వస్తే కింద ఉన్న మా ఆయన మీద పడేది. నేను తట్ట పారేసి పరిగెత్తి తాడు పట్టా. మేస్త్రీ కొట్టినంత పనిచేశాడు. 'ఆడది తాడు పడితే రాయి లేవదే, పో అవతలికి' అన్నాడు. అందరిముందూ తిట్టాడు. నేను వదల్లా. రాయి లేచింది. అయినా వాడు ఆ వారమంతా నన్ను పనికి రానీలా, మైల పడిందని." కొంగుతో కళ్ళు తుడుచుకుంది. "అసలు నిలబెట్టించిందే ఆడదంట! వాడు చచ్చిపొయ్యాడు గాని, లేకపోతే ఇప్పుడే పోయి చెప్పేదాన్ని."

మాష్టారి పట్టీ చేతిలోంచి జారి కిందపడింది. నేనే తీసి ఇచ్చాను. నా మటుకు నాకు, అంత చక్రం చూసినప్పుడు కూడా రాని భయభక్తి ఏదో అప్పుడు కలిగింది. ఎవరో ఒకావిడ ఎప్పుడో ఈ రాతిని నిలబెట్టింది. అది పడిపోయి వందల ఏళ్ళు మట్టిలో ఉంటే, ఇంకొకావిడ తాడు పట్టి లేపింది. ఈమెకు ఆమె సంగతి తెలియదు. ఇవాళే తెలిసింది, అప్పుడు నేను పక్కన ఉన్నాను.

"ఆ మాట యాడుందో చూపించండి అయ్యా," అంది అవ్వ లేచి.

మాష్టారు ఆమె వేలు పట్టుకుని మూడక్షరాల మీదా తిప్పారు. భ. గి. ని. ఆమె తనంతట తాను మళ్ళీ తిప్పింది. మూడోసారికి గుడి దగ్గర కూడా తప్పలేదు. తరవాత రాత మొత్తానికి అర్థం చెప్పించుకుంది, ఒకసారి కాదు, నాలుగుసార్లు. నడుమ ఒక మాట మాష్టారు మార్చి చెబితే, "ఇందాక అట్టా చెప్పలేదే" అని పట్టుకుంది కూడా.

సాయిబుగారు రెండో అచ్చు తీసి ఆమెకివ్వబోయారు. "నేనేం చేసుకుంటాను సాయిబూ, ఎలకలు కొడతాయి. ఆ అమ్మాయికియ్యి, బళ్ళో పిల్లలకు చూపిస్తది," అని నా వైపు చూపించింది. అలా ఆ కాయితం నా దగ్గరికి వచ్చింది.

పొద్దు వాలేవేళకు ఏటి ఒడ్డుకు తీసుకెళ్ళింది. పడవలు ఆగే రేవట అది. వరసగా రాతిస్తంభాలు, నీళ్ళ వైపు దిగే కట్టడం. మేం నీళ్ళలో కాళ్ళు పెట్టుకుని కూర్చున్నాం. మాష్టారు సముద్రం దాకా సాగిన వర్తకం గురించి చెబుతుంటే, అవ్వ నీళ్ళకేసి చూస్తూ పెదాలు కదుపుతోంది. పాఠం వల్లె వేసుకుంటోంది.

సెలవులయ్యాక మొదటిరోజు ఆ అచ్చు బళ్ళో గోడకు తగిలించాను. పిల్లలు గుంపుగా చేరారు. ముందు వరసలో కూర్చునే ఒక పిల్ల అడిగింది: "ఆ రాజుగారి చెల్లెలికి చదువొచ్చా టీచర్? ఆవిడే రాసిందా?"

తెలియదన్నాను. నిజంగానే తెలియదు. చెక్కినవాడు వేరే ఉంటాడు. ఆవిడకు చదవడం వచ్చో రాదో ఆ రాయి చెప్పదు. ఆ పిల్లకు నా జవాబు నచ్చలేదు. చాలాసేపు కాయితం ముందే నిలబడింది.

మరుసటి ఎండాకాలం మాష్టారు ఇంకొకసారి వెళ్ళొచ్చారు. ఈసారి గుంటూరు నుంచి వచ్చిన స్నేహితులతో. కాపలాదారుకు జ్వరం తగ్గి, తిరిగి అతనే అన్నీ చూపిస్తున్నాడట. కాని మహాచైత్యం దగ్గరికి వచ్చేసరికి అతను పక్కకు తప్పుకుని, గుడిసె వైపు తిరిగి భార్యను కేకేస్తాడట. ఆమె చెయ్యి తుడుచుకుంటూ వచ్చి, స్తంభం మీద వేలు పెట్టి, అక్షరం పొల్లుపోకుండా చెబుతుందట. మాష్టారి స్నేహితులు ఆమెకు చదువొచ్చనే అనుకున్నారు.

"తాడు సంగతి కూడా చెబుతోందా అండీ?" అని అడిగాను.

"ముందు అదే చెబుతోంది," అన్నారు మాష్టారు.